డిసెంబరు అడ్వాన్సు, మార్చి పిక్కలు

ప్రశ్న:

అక్కా, నమస్కారం. మాది పర్లాకిమిడి. నాన్నగారు పెట్టిన చిన్న జీడిపప్పు యూనిట్‌ని పదిహేనేళ్లుగా నేను చూసుకుంటున్నాను. పద్దెనిమిది మంది ఆడవాళ్లు పనిచేస్తారు, కిలో లెక్కన కూలి. పలాసలో ఎంత రేటు ఉంటే మేమూ అంతే ఇస్తాం. పలాస పార్టీల బిల్లులు నెలన్నరకు గానీ రావు కాబట్టి ఒక్కోసారి వారం కూలి రెండు వారాలు ఆలస్యమవుతుంది. జీడిపిక్కలు ఎక్కువగా కొండమీద సవర ఆదివాసీల ఊళ్ల నుంచి వస్తాయి. క్రిస్మస్ ముందు వాళ్లకు డబ్బు అవసరం, అప్పుడే అడ్వాన్సు ఇచ్చి ధర మాట్లాడుకుంటాం. మార్చి, ఏప్రిల్‌లో ఆ ధరకే పిక్కలు తీసుకుంటాం. మొన్న కిలో 80కి మాట్లాడుకున్నాం, పంట దిగేసరికి బయట 110 అయింది. బాకీ తీర్చలేక మూడు ఇళ్లవాళ్లు చెట్లు మాకు తాకట్టు పెట్టారు. ఇదంతా తాతల నాటి పద్ధతే.

ఈస్టరుకు ముందు తపస్సు కాలంలో ఫాదర్ గారు బైబిల్లోని యాకోబు లేఖలోంచి, యజమానులు ఆపిన కూలి మొరపెడుతుందన్న వాక్యం మీద ప్రసంగం చేశారు. గుడిలో అందరూ నన్నే చూస్తున్నట్టు అనిపించింది. అప్పటినుంచీ ఒకటే టెన్షన్. బరంపురంలో బి.కాం చదివే మా అబ్బాయి, "మార్కెట్ రేటు ఇస్తున్నాం, ఎవరినీ బలవంతపెట్టలేదు" అంటాడు. యూనియన్‌లో తిరిగిన మా బావగారు, "యజమాని అనేవాడు ఉన్నంతకాలం దోపిడీ తప్పదు" అంటారు. ఇంతకీ మన శ్రీసభ, అంటే కతోలిక చర్చి, ఎవరి పక్షం? నేను పాపం చేస్తున్నానా? యూనిట్ అమ్మేయమంటారా?

సమాధానం:

తమ్ముడూ, మీ ఉత్తరం మూడుసార్లు చదివాను. మీరు కూలి గురించి అడిగారు. నాకు మాత్రం కూలి కంటే అడ్వాన్సు దగ్గరే గుండె ఆగింది. అయినా ముందు మీరు అడిగిన దానికే వస్తాను.

మీ అబ్బాయి అన్న మాట కొత్తది కాదు. 1891 మే 15న 13వ లియో పోపు గారు "రేరుం నొవారుం" అనే లేఖ రాసినప్పుడు యూరప్‌లో మిల్లు యజమానులందరి నోటా ఇదే మాట. కూలీ ఒప్పుకున్నాడు, మేం ఇచ్చాం, ఇంకేం న్యాయం అని. పోపు గారు దానికి ఇచ్చిన జవాబును నా మాటల్లో చెబుతాను. యజమాని, పనివాడు కలిసి బేరం కుదుర్చుకోవచ్చు. కానీ ఏ బేరానికైనా ముందే ఉన్న సహజ న్యాయం ఒకటుంది. పొదుపుగా బతికే మనిషికి కూడా పొట్ట గడవని కూలి న్యాయమైన కూలి కాదు. వేరే గతిలేక, ఇది కూడా పోతే ఇంకా పెద్ద కష్టం వస్తుందన్న భయంతో పనివాడు తలూపితే, అతను బలవంతానికి బలైనట్టే. చేతిలో కర్ర లేనంత మాత్రాన బలవంతం లేనట్టు కాదు.

ఇది రోములో కూర్చుని రాసిన మాట అని మీ అబ్బాయి కొట్టిపారేయొచ్చు. అతనికి మన సుప్రీంకోర్టు 1982లో చెప్పింది చూపించండి. ఢిల్లీలో ఆసియా క్రీడల కోసం కట్టడాలు కడుతున్న కూలీల కేసు అది. కనీస వేతనం కంటే తక్కువకు పనిచేయించుకోవడం రాజ్యాంగం 23వ అధికరణం నిషేధించిన వెట్టి కిందకే వస్తుందని కోర్టు అంది. ఆకలి, పేదరికం మనిషిని నెట్టినా అది బలవంతమే అంది. లియో పోపు లేఖ వచ్చిన తొంభై ఏళ్లకు, ఆ లేఖతో ఏ సంబంధమూ లేని న్యాయమూర్తులు అదే మాటకు వచ్చారు. నేను కాలేజీలో ఎకనామిక్స్ చెప్పిన రోజుల్లో ఈ రెండింటినీ పక్కపక్కన పెట్టి చెప్పేదాన్ని. పిల్లలు కాసేపు మాట్లాడేవారు కాదు.

కాబట్టి "పలాస రేటు" అనేది మీ కొలత కాకూడదు. మీ దగ్గర నెమ్మదిగా పొట్టు తీసే మనిషి ఎవరో మీకు తెలుసు. ఆవిడ రోజంతా కూర్చుంటే ఎన్ని కిలోలవుతాయి, దానికి ఎంత వస్తుంది, అది ప్రభుత్వం ఈ పనికి నిర్ణయించిన కనీస రోజుకూలికి తక్కువగా ఉందా? అదే మీ మొదటి లెక్క. ముక్కలైన పప్పుకు కూలి కోస్తున్నారేమో కూడా చూసుకోండి. సరిగా ఉడకని పిక్క కోస్తే గుండు రాదు, ముక్కే వస్తుంది. ఆ తప్పు బాయిలర్‌ది, ఆవిడ చేతిది కాదు. చేతులంటే గుర్తొచ్చింది. జీడిరసం పడి వేళ్ల కొసలు నల్లబడి, తొక్క లేచిపోయిన చేతులు నేను చూశాను. అన్నం కలుపుకుంటే మంట అనేది మా ఎదురింటావిడ. ఎడమ చేత్తో స్పూను పట్టుకుని తినేది. గ్లవ్స్, నూనె, బూడిద ఖర్చు కూలిలోంచి పోకూడదు. అది యూనిట్ ఖర్చు.

మీకు పలాస పార్టీలు ఆలస్యంగా డబ్బిస్తారన్నది నిజం. మీ మీదున్న ఒత్తిడి నాకు అర్థమవుతుంది, శ్రీసభకూ అర్థమైంది. 1981లో రెండవ జాన్ పాల్ పోపు గారు పని గురించి రాసిన లేఖలో "పరోక్ష యజమాని" అని ఒక మాట వాడారు. కూలి చేతిలో పెట్టేవాడు మీరే అయినా, ఆ కూలి ఎంతుండాలో మీ వెనక ఉన్నవాళ్లు కూడా తేలుస్తారు. టోకు వ్యాపారులు, పెద్ద ఊళ్ల కంపెనీలు, ప్రభుత్వ విధానాలు అన్నీ ఆ పాపపుణ్యాల్లో వాటాదార్లే. అంతకు ముందే, 1931లో, 11వ పియుస్ పోపు గారు ఇంకా సూటిగా చెప్పారు. వ్యాపారం మోయలేనంత కూలి అడిగి దాన్ని ముంచడం కూడా అన్యాయమే. సరుకును న్యాయమైన ధర కంటే తక్కువకు అమ్ముకోక తప్పని పరిస్థితి కల్పించినవాళ్లది ఘోరమైన తప్పు. కానీ యజమాని బద్ధకం వల్లో, కొత్త పద్ధతులు పట్టించుకోనందువల్లో లాభం తగ్గితే, దాన్ని కూలి మీద రుద్దే హక్కు లేదు. ఈ మూడింటిలో మీది ఏదో మీకే తెలియాలి. నిజాయితీగా చూస్తే మూడూ కొద్దికొద్దిగా ఉండొచ్చు.

ఆలస్యం మాత్రం వెంటనే ఆపండి. బైబిల్లో ద్వితీయోపదేశకాండం 24వ అధ్యాయంలో కూలివాడి డబ్బు ఆ రోజే, పొద్దు గుంకకముందే ఇవ్వాలని ఉంది. అతను పేదవాడు, దాని మీదే ఆశ పెట్టుకుని ఉంటాడని కారణం కూడా చెబుతుంది. బిల్లు ఆలస్యమైతే మీకు బ్యాంకు ఉంది, వాళ్లకు కిరాణా కొట్లో అప్పు పద్దు ఉంది. నెలన్నర అప్పు మీరు పలాసవాళ్లకు ఇస్తున్నారని మీరు అనుకుంటున్నారు. నిజానికి అందులో రెండు వారాలు ఆ పద్దెనిమిది మంది ఆడవాళ్లు ఇస్తున్నారు, వడ్డీ లేకుండా.

ఇక ఎవరి పక్షం అన్న ప్రశ్న. మీ బావగారితో శ్రీసభ సగమే ఏకీభవిస్తుంది. సొంత ఆస్తి ఉండటం తప్పు కాదని లియో పోపు గట్టిగా చెప్పారు. ఆస్తి నీదే కావచ్చు, దాని ఫలం మాత్రం అవసరంలో ఉన్నవాళ్లకు కూడా అందాలన్నారు. సోవియట్ కూటమి కూలిపోతున్న రోజుల్లో, 1991లో, జాన్ పాల్ పోపు ఇదే ప్రశ్న వేసుకున్నారు, ఇప్పుడు ప్రపంచమంతా క్యాపిటలిజం దారిలో నడవాలా అని. ఆయన ఊరికే పుస్తకాలు చదివి మాట్లాడినవారు కాదు. కుర్రతనంలో, జర్మన్లు పోలెండ్‌ని ఆక్రమించుకున్నప్పుడు రాతి క్వారీలో, తర్వాత కెమికల్ ఫ్యాక్టరీలో పనిచేశారు. కమ్యూనిస్టు ప్రభుత్వం కింద దశాబ్దాలు బతికారు. ఆయన జవాబు రెండు ముక్కల్లో ఉంది. వ్యాపారం, మార్కెట్, సొంత ఆస్తి, మనిషి చొరవ మంచివే అనుకుంటే అవును. ఆ స్వేచ్ఛకు చట్టం కట్టుబాటు, మనిషి మేలు అనే హద్దు లేకపోతే కాదు. అదే లేఖలో లాభం గురించి చెప్పింది మీ అబ్బాయి కామర్స్ పుస్తకంలో ఉండదు. లాభం వస్తోందంటే వ్యాపారం సరిగా నడుస్తోందని ఒక గుర్తు. కానీ లెక్కలన్నీ సరిగ్గా ఉండి, మనుషులు మాత్రం అవమానపడుతూ ఉండటం సాధ్యమే. పదేళ్ల ముందు రాసిన పని లేఖలోనైతే, ఒక ఆర్థిక వ్యవస్థ న్యాయమైనదా కాదా అని తేల్చుకోవాలంటే అక్కడ కూలి ఎలా ఉందో చూడమన్నారు. అందుకే ఇజాల వాదన భోజనాల దగ్గర ఎంతసేపు సాగినా చివరికి మీ కూలి పుస్తకం దగ్గరికే రావాలి. 2025లో ఎన్నికైన కొత్త పోపు లియో అనే పేరు పెట్టుకోవడానికి ఒక కారణం 1891 నాటి ఆ లేఖేనని ఆయనే చెప్పారు. అంటే ఇది పాతబడిన గొడవ కాదు.

ఇప్పుడు నన్ను ఆపేసిన చోటుకి వస్తాను.

డిసెంబరులో 4,000 ఇచ్చారనుకుందాం, కిలో 80 చొప్పున. అంటే మార్చి చివరికి 50 కిలోల పిక్కలు మీకు రావాలి. అప్పటికి బయట ధర 110. ఆ 50 కిలోల విలువ 5,500. నాలుగు నెలలకు 1,500 మిగులు. నూటికి నెలకు తొమ్మిది రూపాయల పైమాటే. మన ఊళ్లో ఎవరైనా నూటికి తొమ్మిది రూపాయల వడ్డీకి తిప్పుతుంటే మీరు అతన్ని ఏమంటారు? అతని ఇంట్లో పెళ్లి సంబంధం కలుపుకోవడానికి కూడా ఆలోచిస్తారు. కానీ దీన్ని ఎవరూ వడ్డీ అనరు, అడ్వాన్సు అంటారు. పేరు మారింది కాబట్టి కంటికి ఆనలేదు.

ఈ పేరు మార్పును 13వ శతాబ్దంలోనే పట్టుకున్నాడు శ్రీసభ పండితుడు పునీత థామస్ అక్వినాస్. సరుకు చేతికి రాకముందే డబ్బు ఇస్తున్నానన్న వంకతో న్యాయమైన ధర కంటే తక్కువకు కొంటే అది వడ్డీ పాపమే అని రాశాడు. ముందిచ్చిన డబ్బు అప్పు, తగ్గించిన ధర దాని వడ్డీ. ఆ వెంటనే ఇంకో మాట అన్నాడు. డబ్బు తొందరగా కావాలని ధర తగ్గించుకున్న అమ్మకందారు మీద మాత్రం ఆ పాపం లేదు. "వాళ్లే ఒప్పుకున్నారు" అన్న మీ అబ్బాయి మాటకు అక్కడ జవాబు ఉంది. ఒప్పుకున్నవాడి తప్పు కాదది, ఒప్పించుకున్నవాడిది. 1745లో 14వ బెనెడిక్ట్ పోపు గారు కూడా, ఒప్పందానికి ఏ పేరు పెట్టినా అప్పు మీద అన్యాయమైన లాభం న్యాయం అయిపోదన్నారు. నిజంగా జరిగే నష్టం, నిజంగా ఉండే రిస్కు లాంటి వేరే కారణాలుంటే కొంత తీసుకోవచ్చని కూడా ఒప్పుకున్నారు. అది మీకు వర్తిస్తుంది. కొందరు పిక్కలు వేరే వాళ్లకు అమ్మేసుకుంటారు, ఒక్కో ఏడు ధర పడిపోతుంది, మీకూ బ్యాంకు వడ్డీ పడుతుంది. అవన్నీ లెక్కేసుకోండి. ఎంత లెక్కేసినా తొమ్మిది రూపాయలు అవదు.

నేను మిమ్మల్ని ఎత్తిపొడవడం లేదు తమ్ముడూ. ఇలాంటి అడ్వాన్సు పుస్తకం మా ఇంట్లో కూడా ఉండేది. నాన్నకు గుణుపురంలో కిరాణా కొట్టు. సంత రోజున కొండ నుంచి చింతపండు గంపలు దిగేవి. నాకు అప్పుడు పదేళ్లు, చేతిరాత బాగుంటుందని పద్దు నాచేత రాయించేవారు. ఒకతను గంప దించి, తక్కెడ వైపు చూడకుండా నా పెన్ను వైపు చూస్తూ నిలబడేవాడు. నేను రాయడం అయ్యాక నాన్న సిరా డబ్బా జరిపేవారు. అతను బొటనవేలు అద్ది, పుస్తకం మీద నొక్కి, మిగిలిన సిరాను తల వెంట్రుకలకు తుడుచుకునేవాడు. ఎంత తెచ్చాడో, ఎంత తీరిందో ఒక్కసారి కూడా అడగలేదు. నాన్న ఆదివారం పూజ తప్పేవారు కాదు, బిచ్చగాడిని ఉత్త చేత్తో పంపేవారు కాదు. ఆ గంపల్లో ఉన్నది ఆయనకు కనిపించలేదు. రాసిన నాకూ కనిపించలేదు. ఎకనామిక్స్ చదువుకున్నాక, నాన్న పోయాక, ఆ పుస్తకాలు అటక మీంచి దించి వడ్డీ కట్టి చూసుకున్నాను. ఆ రాత్రి నిద్రపట్టలేదు.

చెట్ల సంగతి మరీ బాధపెట్టింది. ద్వితీయోపదేశకాండం అదే 24వ అధ్యాయంలో, తిరగలిని గానీ దాని పైరాయిని గానీ తాకట్టు పెట్టుకోవద్దని, అది ప్రాణాన్ని తాకట్టు పెట్టుకోవడమేనని ఉంది. తిరగలి పోతే ఇంట్లో పిండి లేదు. జీడిచెట్టు పోతే ఆ ఇంటికి మార్చి లేదు. పైగా అప్పు తీర్చే దారి కూడా ఆ చెట్టే. చెట్టు మీ చేతిలో ఉంటే అప్పు ఎన్నటికీ తీరదు. ఇంకో విషయం, షెడ్యూల్డ్ ప్రాంతాల్లో ఆదివాసీల భూమి ఇతరుల చేతికి పోకుండా ఒడిశాలో 1956 నాటి రెగ్యులేషన్ 2 ఉంది. మీ తాకట్టు కాగితాలు తీసుకుని ఒక మంచి వకీలు దగ్గరకు వెళ్లండి, చెట్లు నిలబెట్టుకోవడానికి కాదు, సరిగ్గా వదులుకోవడానికి.

తాతల నాటి పద్ధతి అన్నారు కదా. దాన్ని విరగ్గొట్టినవాళ్లు మన దేశంలోనే ఉన్నారు. ఛోటానాగ్‌పూర్‌లో ముండాలు, ఒరాఁవులు షావుకార్ల అప్పుల్లో, జమీందార్ల కేసుల్లో కూరుకుపోతుంటే, యోహాన్ హాఫ్‌మన్ అనే జర్మన్ జెస్విట్ ఫాదర్ 1909లో రాంచీలో కతోలిక సహకార పరపతి సంఘం పెట్టించారు. ప్రసంగం చేసి ఊరుకోలేదు. వాటా డబ్బు, అప్పు, వసూలు, లెక్కల పుస్తకం అన్నీ ఆదివాసీల చేతికే వచ్చేలా చేశారు. అక్కడ పునాది పడింది పుస్తకం ఎవరి చేతిలో ఉందన్న దాని మీదే.

యూనిట్ అమ్మొద్దు. మీరు అమ్మితే కొనేవాడు ఇదే పుస్తకాన్ని ఇంకా గట్టిగా నడుపుతాడు, పద్దెనిమిది మంది వాడి దయ మీద ఉంటారు. సువార్తలో పన్నులు వసూలు చేసే జక్కయ్యను ప్రభువు ఉద్యోగం మానేయమన్నట్టు లేదు. అన్యాయంగా తీసుకున్నదానికి నాలుగింతలు ఇస్తానని జక్కయ్యే అన్నాడు.

ఈ క్రిస్మస్‌కి అడ్వాన్సు ఇవ్వండి, ఇవ్వడం మానకండి. మీరు మానేస్తే వాళ్లు ఇంకొకడి దగ్గరికి పోతారు. ధర మాత్రం డిసెంబరులో మాట్లాడొద్దు. పిక్కలు దిగిన రోజున పలాసలో ఏ ధర ఉంటే అదే అని చెప్పండి, దారి ఖర్చు విడిగా చూపించి. అడ్వాన్సు మీద బ్యాంకు మీ దగ్గర తీసుకునేంత వడ్డీ వేసుకోండి, దాన్ని వడ్డీ అనే పిలవండి. ఊళ్లో మహిళా సంఘం ఉంటే అప్పు పద్దు ఒక కాపీ వాళ్ల దగ్గర ఉండాలి, ఆ ఊళ్లో చదువుకున్న పిల్ల ఎవరైనా గట్టిగా చదివి వినిపించాలి. ఇలా చేస్తే మీ లాభం తగ్గుతుంది. తగ్గదని నేను అబద్ధం చెప్పను. పక్క యూనిట్లవాళ్లు మీ మీద కోప్పడతారు కూడా. అందుకే ఒక్కరే చేయకుండా ఇద్దరు ముగ్గురు యజమానులను కూర్చోబెట్టి మాట్లాడండి, ఫాదర్ గారిని కూడా పిలవండి. ప్రసంగం చేసినాయన ఈ పని కాదనరు.

పాపమా కాదా అన్న తీర్పు నాది కాదు, అది ఫాదర్ గారి దగ్గర పాపాలు ఒప్పుకునే పాపసంకీర్తనంలో తేలాల్సిన మాట. తెలియక చేసినదానికి, ఇప్పుడు తెలిసి చేసేదానికి తేడా ఉంటుందని మాత్రం చెప్పగలను. వెళ్లేటప్పుడు లెక్క తేల్చుకుని వెళ్లండి.

ఆ లెక్క మీ అబ్బాయి చేత కట్టించండి. సెలవులకు వచ్చినప్పుడు అడ్వాన్సు పుస్తకాలు ముందు పెట్టి, ప్రతి పేరు పక్కన నూటికి నెలకు ఎన్ని రూపాయలు పడిందో రాయమనండి. 2018 అక్టోబరులో తిత్లీ తుపాను వచ్చిన తర్వాతి పేజీలతో మొదలుపెట్టమనండి. ఆ ఏడు కొండమీద ఎన్ని చెట్లు నిలబడ్డాయో మీకు గుర్తుండే ఉంటుంది. పిక్కలు రాలేదు, అప్పు మాత్రం తర్వాతి పేజీకి పెరిగి వచ్చి ఉంటుంది. తాకట్టులో ఉన్న ఆ మూడు ఇళ్ల పేర్లు అక్కడ కనిపిస్తాయేమో ముందు చూడమనండి.